ఉద్యమ డాక్యుమెంటరీలు, భావ ప్రకటనా స్వేచ్ఛ: భారతదేశం

సమ్మెలు, ఊరేగింపులు, నిర్వాసితుల పోరాటాలు, విద్యార్థి ఆందోళనలు జరుగుతున్నచోటికే వెళ్లి, చాలావరకు ఉద్యమకారుల పక్షాన నిలబడి తీసిన కథేతర చిత్రాలను ఉద్యమ డాక్యుమెంటరీలంటారు. మన దేశంలో వీటికి రెండు చరిత్రలున్నాయి. ఒకటి వీటిని తీసినవాళ్లది, రెండోది వీటిని నలుగురికీ చూపించడానికి పడిన పాట్లది. రెండోదే పొడుగు. రాజ్యాంగంలోని 19(1)(ఎ) అధికరణం ఇచ్చిన భావ ప్రకటనా స్వేచ్ఛ సినిమాకూ వర్తిస్తుందని సుప్రీంకోర్టు పలుమార్లు చెప్పింది. కోర్టు మెట్లెక్కిన ఉద్యమ డాక్యుమెంటరీల్లో పేరున్నవి చాలావరకు గెలిచాయి కూడా. అయినా ఆఖరి నిమిషంలో హాలుకు తాళం పడుతూనే ఉంది. ఈ రంగాన్ని అర్థం చేసుకోవాలంటే తీర్పులతో పాటు ఆ తాళాల కథ కూడా తెలియాలి.

వలస పాలనలో

సినిమాకు ముందస్తు అనుమతి అనే పద్ధతి 1918 నాటి సినిమటోగ్రాఫ్ చట్టంతో వచ్చింది. 1930లో గాంధీ దండి యాత్రను పలు భారతీయ కంపెనీలు చిత్రీకరిస్తే, ఆ రీళ్లను ప్రభుత్వం వరసగా నిషేధించింది. జనం గుమిగూడిన దృశ్యాన్ని మళ్లీ జనం గుమిగూడి చూడటం పాలకులకు రెట్టింపు భయం పుట్టించింది కాబోలు. తమిళ రచయిత, యాత్రికుడు ఎ.కె.చెట్టియార్ దేశదేశాలూ తిరిగి గాంధీ కనిపించిన ఫిల్ము ముక్కలు సేకరించి, 1940లో తమిళంలో పూర్తి నిడివి డాక్యుమెంటరీ విడుదల చేశాడు. దానికి తెలుగు వ్యాఖ్యానంతో మరో ప్రతి కూడా తయారైంది.

తెలుగులో ఈ కోవకు దగ్గరగా వచ్చింది డాక్యుమెంటరీ కాదు, కథాచిత్రం. గూడవల్లి రామబ్రహ్మం తీసిన ‘రైతుబిడ్డ’ (1939) జమీందారీ వ్యవస్థ మీద రైతుల తిరుగుబాటును తెరకెక్కించింది. జమీందార్లు అభ్యంతరం చెప్పడంతో కొన్నిచోట్ల దాని ప్రదర్శనను ఆపేశారు. ఆ సినిమా వెనక పెట్టుబడి చల్లపల్లి జమీందారుదే కావడం విచిత్రం.

స్వాతంత్ర్యం వచ్చాక 1948లో ఏర్పడిన ఫిల్మ్స్ డివిజన్ దశాబ్దాల పాటు డాక్యుమెంటరీకి మారుపేరుగా ఉండేది. దాని వార్తాచిత్రాలు ప్రతి సినిమా హాల్లోనూ అసలు బొమ్మకు ముందు తప్పనిసరిగా పడేవి. డ్యాములు, పంటలు, శంకుస్థాపనలు ఉండేవి. ఎస్.సుఖ్‌దేవ్, ఎస్.ఎన్.ఎస్.శాస్త్రి లాంటివాళ్లు దాని కోసం పనిచేస్తూనే కొన్ని గడుసు చిత్రాలు తీశారు గానీ, సర్కారు సొమ్ముతో సర్కారును నిలదీసే సినిమా రావడం కష్టం. ఆ పని బయటివాళ్లు చేయాల్సి వచ్చింది.

అబ్బాస్ కేసు

1952 నాటి సినిమటోగ్రాఫ్ చట్టం కథాచిత్రానికీ డాక్యుమెంటరీకీ తేడా చూపదు. బహిరంగంగా ప్రదర్శించాలంటే దేనికైనా సర్టిఫికెట్ ఉండాల్సిందే. ఈ నిబంధనను నేరుగా సవాలు చేసింది కె.ఎ.అబ్బాస్. 1968లో ఆయన పదహారు నిమిషాల చిన్న డాక్యుమెంటరీ ఒకటి తీశాడు. కలకత్తా, బొంబాయి, మద్రాసు, ఢిల్లీ నగరాల్లో మేడలనూ మురికివాడలనూ పక్కపక్కన పెట్టి చూపే ఆ సినిమా పేరు ‘చార్ షహర్ ఏక్ కహానీ’. బొంబాయి వేశ్యావాటిక దృశ్యాలు ఉన్నాయని సెన్సారు బోర్డు ‘యు’ సర్టిఫికెట్ ఇవ్వనంది. అబ్బాస్ సుప్రీంకోర్టుకెళ్లాడు. విచారణ నడుస్తుండగానే ప్రభుత్వం మెట్టు దిగి ‘యు’ ఇస్తామంది. ఆయన మాత్రం కేసు వదల్లేదు. పుస్తకానికీ పత్రికకూ లేని ముందస్తు సెన్సారు సినిమాకు ఎందుకన్నది ఆయన అసలు ప్రశ్న.

1970 సెప్టెంబరులో ప్రధాన న్యాయమూర్తి హిదయతుల్లా ధర్మాసనం ఆ ప్రశ్నకు ఇచ్చిన జవాబు ఇప్పటికీ అమల్లో ఉంది. సినిమా మిగతా కళల కంటే గాఢంగా మనసును కదిలిస్తుంది కాబట్టి ముందస్తు సెన్సారు రాజ్యాంగబద్ధమేనని కోర్టు తేల్చింది. అదే సమయంలో సెన్సారు ఇష్టారాజ్యం కాకూడదనీ, గడువులూ అప్పీలుకు స్వతంత్ర వేదికా ఉండాలనీ చెప్పింది. అలాంటి అప్పీలు ట్రిబ్యునల్ 1980ల్లో గానీ పనిలోకి రాలేదు. 2021లో కేంద్రం దాన్ని రద్దు చేసింది. ఇప్పుడు సెన్సారు బోర్డుతో పేచీ వస్తే డాక్యుమెంటరీ తీసినవాడు నేరుగా హైకోర్టుకు వెళ్లాలి. ట్రిబ్యునల్ ముందు తక్కువ ఖర్చుతో, నాలుగు వాయిదాల్లో తేలే తగాదా ఇప్పుడు లాయరు ఫీజుల లెక్కలోకి వెళ్లింది. కోట్లు పెట్టి తీసే కథాచిత్రానికి ఈ మార్పు చిరాకు, చందాలతో తీసే ఉద్యమ చిత్రానికి గొంతుమీద కత్తి.

పాట్నా, 1974

ఈ రంగంలో ఎక్కువసార్లు వినిపించే పేరు ఆనంద్ పట్వర్ధన్. అమెరికాలో చదువుకునే రోజుల్లో వియత్నాం యుద్ధ వ్యతిరేక ప్రదర్శనల్లో పాల్గొన్న ఈయన, 1974లో బీహారులో జయప్రకాశ్ నారాయణ్ నాయకత్వాన నడుస్తున్న ఉద్యమంలోకి వెళ్లాడు. ఆ నవంబరు 4న పాట్నాలో పెద్ద ర్యాలీ జరిగింది. పోలీసుల దౌర్జన్యానికి సాక్ష్యం ఉండాలన్న ఆలోచనతో దాన్ని చిత్రీకరించడానికి పూనుకున్నాడు. చేతిలో ఉన్నది ఇళ్లల్లో పెళ్లిళ్లకూ పిక్నిక్కులకూ వాడే సూపర్ 8 కెమెరా. దాంతో తీసిన బొమ్మను తెరమీద వేసి, ఆ తెరను 16 ఎం.ఎం. కెమెరాతో మళ్లీ తీశారు. కాలం చెల్లిన ఫిల్ము కూడా కొంత వాడారు. అందుకే ‘క్రాంతి కీ తరంగే’లో బొమ్మ గరుకుగా ఉంటుంది. ఆ గరుకుదనాన్ని శైలిగా మెచ్చుకున్న విమర్శకులున్నారు గానీ, దాని పుట్టుక పేదరికంలో ఉంది.

సినిమా సిద్ధమయ్యేసరికి ఎమర్జెన్సీ వచ్చింది. దేశంలో దొంగచాటుగా చూపించాల్సి వచ్చింది. ఒక ప్రతిని ముక్కలు చేసి, వేర్వేరు మనుషుల ద్వారా విదేశాలకు చేరవేసి, అక్కడ మళ్లీ అతికించారు. అదే కాలంలో ‘కిస్సా కుర్సీ కా’ అనే వ్యంగ్య కథాచిత్రం నెగెటివ్‌తో సహా బూడిదైంది. రీలు అనేది కాల్చడానికి వీలైన వస్తువని అప్పుడు అందరికీ తెలిసొచ్చింది. ఎమర్జెన్సీ ఎత్తేశాక రాజకీయ ఖైదీల మీద ‘జమీర్ కే బందీ’ (1978) వచ్చింది.

పట్వర్ధన్ పద్ధతిలో గమనించాల్సింది, ఒక ఉద్యమాన్ని తీసి చేతులు దులుపుకోకపోవడం. బొంబాయి మురికివాడల కూల్చివేతల మీద తీసిన ‘హమారా షహర్’ (1985)లో విలాస్ ఘోగ్రే అనే దళిత గాయకుడు పాడతాడు. 1997 జూలై 11న ముంబైలోని రమాబాయి నగర్‌లో అంబేడ్కర్ విగ్రహానికి చెప్పుల దండ వేసిన ఘటనపై నిరసన తెలుపుతున్న దళితులపై పోలీసులు కాల్పులు జరిపి పదిమందిని చంపారు. ఆ వేదనతో ఘోగ్రే ఉరేసుకున్నాడు. తన సినిమాలో పాడిన మనిషి ఎందుకలా చేశాడని వెదుకుతూ బయలుదేరిన పట్వర్ధన్, ఆ వెదుకులాటను పద్నాలుగేళ్లు సాగించాడు. 2011లో ‘జై భీమ్ కామ్రేడ్’ వచ్చింది. పాటలే ఆ సినిమాకు వెన్నెముక. టీవీ వార్త కాల్పుల రోజుతో ఆగిపోతుంది. ఆ తర్వాత బస్తీలో ఏం జరిగిందో, కేసు ఏమైందో, ఏ పాట పుట్టిందో చెప్పగలిగేది అన్నేళ్లు అక్కడే తిరిగిన కెమెరా మాత్రమే.

యుగాంతర్, తెలుగు లింకు

1980లో దీపా ధన్‌రాజ్, అభా భయ్యా, మీరా రావు, నవరోజ్ కాంట్రాక్టర్ కలిసి బెంగళూరు కేంద్రంగా ‘యుగాంతర్’ అనే స్త్రీవాద సినిమా బృందాన్ని నడిపారు. దీపా ధన్‌రాజ్ పుట్టింది హైదరాబాదులో. మూడేళ్లలో నాలుగు చిన్న సినిమాలు తీశారు. పుణె పనిమనుషుల సంఘం మీద ‘మోల్కరీణ్’, కర్ణాటకలోని నిపాణి పొగాకు ఫ్యాక్టరీల ఆడ కూలీల మీద ‘తంబాకూ చాకిలా ఊబ్ ఆలీ’, చిప్కో ఉద్యమంలోని ఒక స్త్రీ మీద ‘సుదేశా’, నాలుగోది తెలుగులో. హైదరాబాదులోని స్త్రీశక్తి సంఘటనతో కలిసి తీసిన ఆ సినిమా ‘ఇది కథ మాత్రమేనా?’ (1983).

గృహహింస మీద తీసిన ఆ చిత్రం రూపంలో కథ. వేషాలు వేసినవాళ్లలో స్త్రీశక్తి సంఘటన సభ్యులున్నారు. ఇంట్లో నాలుగు గోడల మధ్య జరిగేదాన్ని కెమెరా పట్టుకోలేదు కాబట్టి, తాము విన్నవీ పడ్డవీ కలిపి నటించి చూపారు. నిపాణి సినిమాలోనూ సమ్మె నాటి సభలను ఆ కూలీలే మళ్లీ నటించి చూపారు. ఉద్యమ డాక్యుమెంటరీ అంటే కళ్లముందు జరిగినదాన్నే తీయాలని పట్టుబట్టేవాళ్లకు ఈ రెండూ చిక్కు ప్రశ్నలే. నా దృష్టిలో మాత్రం, పనిచేసే చోటుకు కెమెరాను రానివ్వని యజమాని ఉన్నప్పుడు, కూలీ తన సభను తానే మళ్లీ జరిపి చూపడం కల్పన కిందికి రాదు. తెలంగాణ సాయుధ పోరాటంలోని స్త్రీల జ్ఞాపకాలతో ‘మనకు తెలియని మన చరిత్ర’ పుస్తకం తెచ్చింది కూడా ఈ స్త్రీశక్తి సంఘటనే. చెప్పుకునేవాళ్ల నోట చెప్పించడం ఆ బృందానికి అలవాటైన పని. 1984 నాటి హైదరాబాదు మతకల్లోలాల మీద దీపా ధన్‌రాజ్ ఆ తర్వాత ‘క్యా హువా ఇస్ షహర్ కో?’ (1986) తీసింది. పాతబస్తీ రాజకీయాల గురించి రాసే ఎవరికైనా ఈ సినిమా ఈనాటికీ పనికొచ్చే ఆధారం.

దూరదర్శన్ గుమ్మం

టీవీ ఒక్కటే ఛానలుగా ఉన్న రోజుల్లో అసలు సెన్సారు దూరదర్శన్. సర్టిఫికెట్ ఉన్నా, జాతీయ అవార్డు వచ్చినా ప్రసారం చేయాలన్న నియమం లేదు. భోపాల్ గ్యాస్ దుర్ఘటన మీద తపన్ బోస్, సుహాసినీ ములే బృందం తీసిన ‘బియాండ్ జెనోసైడ్’ 1987 సంవత్సరానికి ఉత్తమ కథేతర చిత్రంగా స్వర్ణకమలం పొందింది. దూరదర్శన్ ప్రసారానికి ఒప్పుకోలేదు. కారణాలు ఒకదాని తర్వాత ఒకటి వచ్చాయి: పాతబడింది, సంయమనం లేదు, నష్టపరిహారం కేసు కోర్టులో ఉంది, రాష్ట్ర ప్రభుత్వాన్ని విమర్శిస్తోంది, ఉద్రిక్తత పెరుగుతుంది. 1992లో సుప్రీంకోర్టు వీటన్నిటినీ పక్కనపెట్టింది. ప్రభుత్వాన్ని విమర్శించిందన్న కారణంతో ప్రభుత్వ ఛానలు సినిమాను తిరస్కరించడానికి వీల్లేదని చెప్పింది.

ఆ తీర్పు తర్వాత కూడా పట్వర్ధన్ ఒక్కో సినిమాకూ విడిగా కోర్టుకు వెళ్లాల్సి వచ్చింది. ఆయన ‘పితా, పుత్ర్ ఔర్ ధర్మయుద్ధ్’ 1990ల మధ్యలో వచ్చింది. దాన్ని ప్రసారం చేయమని సుప్రీంకోర్టు 2006 ఆగస్టులో ఆదేశించింది. మొదటి భాగానికి ‘యు’, రెండో భాగానికి ‘ఎ’ సర్టిఫికెట్ ఉంది కాబట్టి వేయలేమన్న దూరదర్శన్ వాదన చెల్లలేదు. చెల్లలేదు సరే, పదేళ్లు గడిచాయి. తీసినప్పటి రాజకీయ సందర్భం పోయాక ప్రసారమైతే ఆ సినిమా వార్తకు తక్కువ, చరిత్రకు ఎక్కువ. ఈ లోకంలో ఆలస్యమే నిషేధం చేసే పని చేస్తుంది. అణుపరీక్షల మీద తీసిన ‘జంగ్ ఔర్ అమన్’ (2002)కు బోర్డు 21 కోతలు చెప్పింది. 2003లో బొంబాయి హైకోర్టు ఒక్క కోతా లేకుండా వదిలింది.

2004: పోటీ ఉత్సవం

ముంబై అంతర్జాతీయ డాక్యుమెంటరీ ఉత్సవం ప్రభుత్వం నడిపేది. 2004 ఉత్సవానికి వచ్చే భారతీయ చిత్రాలకు సెన్సారు సర్టిఫికెట్ ఉండాలని 2003లో షరతు పెట్టారు. విదేశీ చిత్రాలకు ఆ షరతు లేదు. డాక్యుమెంటరీ దర్శకులు దేశమంతటా ఒక్కటై వ్యతిరేకించడంతో షరతు వెనక్కి పోయింది. కానీ ఎంపిక జాబితా వచ్చేసరికి రాజకీయ చిత్రాలు చాలా గల్లంతయ్యాయి. గుజరాత్ మారణకాండ మీద రాకేశ్ శర్మ తీసిన ‘ఫైనల్ సొల్యూషన్’ వాటిలో ఒకటి. తిరస్కరించిన చిత్రాలతో అదే సమయంలో, అదే నగరంలో దర్శకులు ‘వికల్ప్’ పేరుతో సొంత ఉత్సవం పెట్టుకున్నారు. శర్మ సినిమాను ఆ ఏడాదే బోర్డు నిషేధించి, నెలల తర్వాత అనుమతించింది.

2006లో గోరఖ్‌పూర్‌లో మొదలైన ‘ప్రతిరోధ్ కా సినిమా’ ఉత్సవాలు కంపెనీల స్పాన్సర్‌షిప్ వద్దనుకుని ప్రేక్షకుల చందాలతో నడిచాయి. కేరళలో అంతకు ముందే 1980ల్లో జాన్ అబ్రహం, ఒడెస్సా బృందం ఊరూరా తిరిగి జనం దగ్గర డబ్బు అడిగి సినిమా తీసి, ఊరూరా తిరిగి చూపారు.

జహీరాబాద్ కెమెరాలు

ఉమ్మడి మెదక్ జిల్లా జహీరాబాద్ ప్రాంతంలో దక్కన్ డెవలప్‌మెంట్ సొసైటీకి చెందిన దళిత స్త్రీలు, చాలామంది బడి గడప తొక్కనివారు, వీడియో కెమెరా నేర్చుకుని 2001లో కమ్యూనిటీ మీడియా ట్రస్టు ఏర్పాటు చేసుకున్నారు. కెమెరా కోణాలకు వాళ్లు తమ పేర్లు పెట్టుకున్నారు. ఎత్తు నుంచీ కింది నుంచీ చూసే కోణాలకు ఊళ్లో పటేలుకూ కూలికీ ఉన్న అంతరాన్ని గుర్తుచేసే పేర్లు. ఎదుటి మనిషి కంటి ఎత్తులో పెట్టి తీసేది ‘సంఘం షాట్’. సంఘంలో అందరూ ఒకే చాపమీద కూర్చుంటారు గదా. తమ సినిమాల్లో దాన్నే ఎక్కువ వాడతారు.

దేశంలో బీటీ పత్తికి 2002లో అనుమతి వచ్చాక, వీళ్లు వరంగల్ జిల్లా రైతుల దగ్గరికి పంటకాలమంతా మళ్లీ మళ్లీ వెళ్లారు. విత్తిన రోజు రైతు ఆశ, పూత రాలినప్పుడు అనుమానం, లెక్క చూసుకున్నాక కోపం – ఒకే మనిషి మొహంలో ఈ మూడూ వరసగా కనిపిస్తాయి. 2003లో వచ్చిన ఆ సినిమా, మూడేళ్ల పంటల మీద ఆ తర్వాత తీసిన మరో సినిమా బీటీ పత్తి వాదోపవాదాల్లో రైతుల వైపు సాక్ష్యంగా విదేశాల్లోనూ తిరిగాయి. బయటి దర్శకుడు ఒక్క రోజు వచ్చి తీసే ఇంటర్వ్యూలో ఆ చివరి కోపం మాత్రమే దొరుకుతుంది. అడిగేది పక్క చేను మనిషి అయినప్పుడు రైతు మాట తీరే వేరుగా ఉంటుంది, ఆ సినిమాల బలం అక్కడుంది.

హైదరాబాద్, 2015 నుంచి

ముజఫర్‌నగర్ అల్లర్ల మీద నకుల్ సింగ్ సాహ్నీ తీసిన ‘ముజఫర్‌నగర్ బాకీ హై’ ప్రదర్శనను 2015 ఆగస్టులో ఢిల్లీ విశ్వవిద్యాలయానికి చెందిన ఒక కళాశాలలో ఏబీవీపీ అడ్డుకుంది. దానికి నిరసనగా హైదరాబాద్ కేంద్రీయ విశ్వవిద్యాలయంలో అంబేడ్కర్ స్టూడెంట్స్ అసోసియేషన్ ప్రదర్శన చేసింది. అక్కడ మొదలైన గొడవ, ఫిర్యాదులు, అయిదుగురు దళిత పరిశోధక విద్యార్థుల సస్పెన్షన్ మీదుగా 2016 జనవరి 17న వారిలో ఒకరైన రోహిత్ వేముల మరణం దాకా వెళ్లింది. ఒక డాక్యుమెంటరీని ఆపడంతో మొదలైన ఘటనల గొలుసు మరెన్నో డాక్యుమెంటరీలకు వస్తువైంది. దీపా ధన్‌రాజ్ ‘వియ్ హావ్ నాట్ కమ్ హియర్ టు డై’ (2018), పట్వర్ధన్ ‘వివేక్’ (2018), పాయల్ కపాడియా ‘ఎ నైట్ ఆఫ్ నోయింగ్ నథింగ్’ (2021) మూడింటిలోనూ ఆ ఉద్యమం ఉంది. మూడోది 2021లో కాన్ ఉత్సవంలో డాక్యుమెంటరీలకిచ్చే బహుమతి గెలుచుకుంది.

ఇలాంటి చిత్రాలకు ఎదురైన అడ్డంకి కొత్త రకం. సినిమటోగ్రాఫ్ చట్టంలోని 9వ సెక్షను కింద, ఉత్సవాల్లో ప్రదర్శించే చిత్రాలకు కేంద్ర సమాచార ప్రసార శాఖ సర్టిఫికెట్ నుంచి మినహాయింపు ఇస్తుంది. 2017లో కేరళ డాక్యుమెంటరీ ఉత్సవానికి మూడు చిత్రాలకు ఆ మినహాయింపు రాలేదు: రోహిత్ వేముల ఉద్యమం, జేఎన్‌యూ ఆందోళన, కశ్మీరు విద్యార్థులు వాటి వస్తువులు. 2019లో ‘వివేక్’కూ ఇవ్వలేదు. కేరళ హైకోర్టు జోక్యంతో అది తెరమీదికొచ్చింది. ఇక్కడ ఎవరూ సినిమాను నిషేధించలేదన్నది గమనించాలి. ఒక ఉత్తరం రాలేదు, అంతే. నిషేధం ఉత్తర్వు ఉంటే దాన్ని కోర్టులో చూపించి కొట్టేయించొచ్చు. రాని ఉత్తరం మీద వాదించడం కష్టం, పైగా ఉత్సవం తేదీ ఎవరికోసమూ ఆగదు.

హాలు తలుపు దగ్గర

అల్లర్లు జరుగుతాయన్న బెదిరింపుతో సినిమాను ఆపకూడదనీ, బెదిరించేవాళ్లను అదుపు చేయడమే ప్రభుత్వం పని అనీ సుప్రీంకోర్టు 1989లోనే ఎస్.రంగరాజన్ కేసులో స్పష్టంగా చెప్పింది. 2006లో ఆంధ్రప్రదేశ్ హైకోర్టు ‘డావిన్చీ కోడ్’ మీద రాష్ట్ర ప్రభుత్వ నిషేధాన్ని కొట్టేసింది. 2019లో ఒక బెంగాలీ కథాచిత్రాన్ని పోలీసుల లోపాయికారీ ఒత్తిడితో హాళ్ల నుంచి తీయించారని తేలడంతో పశ్చిమ బెంగాల్ ప్రభుత్వం 20 లక్షల రూపాయల పరిహారం కట్టాలని సుప్రీంకోర్టు ఆదేశించింది. సూత్రం విషయంలో ఇంతకన్నా చెప్పాల్సింది మిగల్లేదు.

పట్వర్ధన్ ‘రామ్ కే నామ్’ (1992) దగ్గరికొస్తే ఈ సూత్రానికి ఎంత బలముందో తెలుస్తుంది. బాబ్రీ మసీదు కూలకముందు, రథయాత్ర కాలంలో అయోధ్య చుట్టూ తీసిన సినిమా అది. ‘యు’ సర్టిఫికెట్ ఉంది. పరిశోధనాత్మక చిత్రంగా జాతీయ అవార్డుంది. కోర్టు ఆదేశంతో దూరదర్శన్‌లో ప్రసారమైంది. రామజన్మభూమి ఆలయ పూజారి లాల్‌దాస్ అందులో మందిర రాజకీయాలను తూర్పారబడతాడు. 1993లో ఆయన్ను ఎవరో కాల్చి చంపారు. ఇన్ని ముద్రలున్న ఈ సినిమాను 2019 ఆగస్టులో హైదరాబాద్ కేంద్రీయ విశ్వవిద్యాలయంలో వేస్తుంటే పోలీసులు వచ్చి ఆపి విద్యార్థులను పట్టుకెళ్లారు. 2024 జనవరి 20న, అయోధ్య ప్రాణప్రతిష్ఠకు రెండు రోజుల ముందు, సైనిక్‌పురిలోని ఒక కెఫేలో వేస్తే ప్రదర్శన మధ్యలో ఆగిపోయింది, ముగ్గురు నిర్వాహకుల మీద కేసు పడింది. సర్టిఫికెట్ పొందిన సినిమాను చూపడం నేరం కాదని స్టేషనులో వాదించి గెలవడానికి పట్టే సమయంలో ప్రేక్షకులు ఇళ్లకు పోతారు. కెఫే యజమాని రెండోసారి హాలివ్వడు.

కెమెరాకు అటూ ఇటూ

పోలీసులు జనాన్ని కొడుతుంటే తీయడానికి వేరే చట్టం ఇచ్చిన హక్కంటూ ఏదీ లేదు. అది 19(1)(ఎ)లో భాగమే. పోలీస్ స్టేషను అధికార రహస్యాల చట్టం చెప్పే నిషిద్ధ స్థలం కాదనీ, అక్కడ వీడియో తీయడం ఆ చట్టం కింద నేరం కాదనీ బొంబాయి హైకోర్టు నాగపూర్ ధర్మాసనం 2022లో చెప్పింది. ఇంటర్నెట్ ద్వారా భావ ప్రకటన కూడా ఇదే హక్కు కిందికి వస్తుందని 2020 జనవరిలో అనురాధా భసీన్ కేసులో సుప్రీంకోర్టు అంది. 2020-21 రైతు ఉద్యమంలో సింఘు, టిక్రీ సరిహద్దుల్లో ట్రాలీకో ఫోను కెమెరా ఉంది. నిష్ఠా జైన్ తీసిన ‘ఫార్మింగ్ ద రెవల్యూషన్’ 2024లో కెనడాలోని హాట్ డాక్స్ ఉత్సవంలో ఉత్తమ అంతర్జాతీయ చిత్రమైంది.

ఇంత విస్తారంగా బొమ్మలు దొరకడంలో ఒక ప్రమాదం ఉంది, దాని గురించి దర్శకులు తక్కువ మాట్లాడతారు. ఊరేగింపులో నినాదమిస్తున్న మొహం సినిమాకు ప్రాణం. అదే మొహం ముఖ గుర్తింపు సాఫ్ట్‌వేర్‌కు ముడిసరుకు. తెలంగాణ పోలీసులు ఈ సాంకేతికతను వాడటాన్ని ప్రశ్నిస్తూ హైదరాబాదు సామాజిక కార్యకర్త ఒకరు హైకోర్టులో పిల్ వేశారు. ఈ దేశంలో దాని మీద దాఖలైన తొలి కేసుల్లో అది ఒకటి. 1974లో పాట్నా ర్యాలీని తీసిన కెమెరా సాక్ష్యం పోగేసింది, ఎవరి జాబితాకూ పనికిరాలేదు. ఇప్పుడు తీసేవాళ్లు ఎవరి మొహం మసకబార్చాలి, పచ్చి ఫుటేజీని ఎక్కడ దాచాలి, పోలీసు నోటీసు వస్తే ఏమివ్వాలి అన్నవి షూటింగుకు ముందే తేల్చుకోవాల్సి వస్తోంది. ఉద్యమకారుల అంగీకారం ఒకసారి తీసుకుంటే సరిపోదని, సినిమా విడుదలయ్యేనాటికి వాళ్ల మీద కేసులున్నాయేమో మళ్లీ అడగాలని అనుభవజ్ఞులు పాటిస్తున్నారు.

2023లో సినిమటోగ్రాఫ్ చట్టాన్ని సవరించి వయసుల వారీ ‘యు/ఎ’ వర్గాలు తెచ్చారు, సర్టిఫికెట్‌కు ఉన్న పదేళ్ల గడువు తీసేశారు. పైరసీకి శిక్షలు పెంచారు. రద్దయిన ట్రిబ్యునల్‌ను తిరిగి తేలేదు. ఉత్సవాల మినహాయింపు ఇప్పటికీ మంత్రిత్వశాఖ చేతిలోనే ఉంది.